ఆలస్యానికి కారణం

బొమ్మనహళ్ళిలో మూడో అంతస్తు.
కింద టైర్ల షాపు. పైన మేం పద్నాలుగుమందిమి
రాత్రంతా ఇంకో దేశపు మధ్యాహ్నాన్ని
క్లిక్కులుగా తరిగి పెడుతుంటాం.

బంతి ఏ రకం, ఎంత వేగం, ఎక్కడ దిగింది,
కొట్టాడా, వదిలేశాడా, గాలిని ఊపాడా.
ఒక్కో బంతికీ ఆరు గడులు.
బేస్‌బాల్ బ్యాటు నేను చేత్తో ముట్టింది లేదు.
పుంగనూరులో మా తమ్ముడు తిప్పింది కూడా
దడిలోంచి పీకిన కట్టే.

ఏప్రిల్‌లో చీటీలు తీసి జట్లు పంచారు.
సెల్వికి పోయినేడు కప్పు కొట్టినోళ్ళు.
నింగరాజుకి సముద్రం కనబడే మైదానం.
నాకు హెరన్స్.
హెరన్ అంటే ఏందా అని ఫోన్లో చూస్తే
కొంగ.
ఆ పొద్దు నుంచీ వాళ్ళు మా కొంగలు.

మేలో వరసగా పదకొండు ఓడారు.
జూన్‌లో కాస్త రెక్క లేచింది.
ఆగస్టు సగానికి లెక్కలోంచే పోయారు.
పోయినాక కూడా ఆడాలంట, దాదాపు రోజూ,
నూట అరవై రెండూ నిండేదాకా.
ఓడిపోవడం అయిపోయినాక ఇంకా ఎందుకు మేడం అంటే
మా వసుంధర మేడం తలెత్తకుండానే,
"టికెట్లు అమ్మేసుకున్నారు కదే."

షహనాజ్ పొద్దున్నే పళ్ళు తోముకుంటూ
నురగ నోటితో అడిగేది, గెలిచారా మీ కొంగలు?
నేను చెప్పులు విడుస్తూ చెయ్యి తిప్పేదాన్ని.
అంతే మా సంభాషణ, ఆర్నెల్లు.

ముప్పై ఒకటో నంబరు బౌలర్‌కి నలభై ఒకటేళ్ళు.
బంతి వేసే ముందు
కుడిచెవి కింద గోక్కున్నాడంటే వంకర బంతి.
ఎదుటి జట్లకు తెలుసో లేదో,
నాకు జూన్ నుంచే తెలుసు.
అతని చెయ్యి లేవకముందే నా వేలు గడి మీద ఉండేది.
ఈ సంగతి ఎవరికీ చెప్పలేదు.
సెల్విక్కూడా.

ఆఖరాట. అక్కడ ఆదివారం మధ్యాహ్నం మూడు,
ఇక్కడ సోమవారంలోకి అరగంట.
ఏడో రౌండులో ముసలి కోచ్ నడిచొచ్చి
అతని చేతిలోంచి బంతి తీసుకున్నాడు,
బడి వదిలే వేళ పలక తీసుకున్నట్టు.
జనం లేచారు.
రేకుల మీద వాన మొదలైనట్టు చప్పట్లు.
అతను టోపీ తీశాడు. నడినెత్తిన జుట్టు లేదు.
ఆర్నెల్లలో నేనది చూడనేలేదు.
నిలబడి, ఎటు పోవాలో తెలీక,
కుడిచెవి కింద గోక్కున్నాడు.
చేతిలో బంతి లేదు.

నాలుగు నిమిషాలు.
తెర మీద పసుపు పెట్టె దూకింది:
ఆలస్యానికి కారణం ఎంచుకోండి.
వాన. గాయం. లైట్లు. ఇతరం.
ఇతరం నొక్కితే ఇంగ్లీషులో ఇరవై అక్షరాలు రాయాలి.
నా దగ్గర తెలుగులోనే లేవు.
గాయం నొక్కాను.

ఆట అయ్యేలోపే క్వాలిటీ వాళ్ళ మెయిలు:
గాయం ఎవరికీ కాలేదు, సరిదిద్దాం, రెండు మార్కులు కోత.
కింద ఇంకో వరస: వచ్చే వారం నుంచి మీకు ఐస్ హాకీ.
అందులో బంతి కూడా కనబడదంటాడు నింగరాజు.

నాలుగింటికి క్యాబ్ రాలేదు.
ఆయుధపూజకి బూడిదగుమ్మళ్ళు దిగుతున్నాయి మూలన.
టెంపో మీదినుంచి ఒకతను విసురుతున్నాడు,
కిందతను వట్టి చేతుల్తో పడుతున్నాడు,
పొట్టకి హత్తుకుని, బూడిద అంటిన బనియనుతో.
నేను టైర్ల షాపు అరుగు మీద కూర్చుని
నడుమెత్తున, కొంచెం బయటికి, మళ్ళీ నడుమెత్తున అని
వేళ్ళు ఆడిస్తూనే ఉన్నాను.

పైనతను ఒక్క క్షణం ఆగి
చెవి దగ్గర గోక్కున్నాడు.
వంకరగా వస్తుంది, చూసుకో అన్నా,
తెలుగులో, కాస్త గట్టిగానే.
కిందతను నా వైపు తిరిగాడు.
గుమ్మడికాయ తారు మీద పడి రెండయింది.